పాకాన పడింది

ఆ ఎండాకాలం మా ఇంట్లో మొదట తగ్గింది పంచదార.

నేను కుట్టుబట్టల ఫ్యాక్టరీలో చెకింగ్ టేబుల్ దగ్గర పని చేస్తాను. పదిమంది చేతులు మారిన చొక్కా చివరికి నా ముందుకొస్తుంది. కాలరు వంకరగా ఉన్నా, గుండీ వదులైనా, చంక దగ్గర కుట్టు జారినా సరిగ్గా అక్కడ బాణం గుర్తున్న ఎర్ర స్టిక్కర్ అంటించి వెనక్కి తోసేస్తాను. పధ్నాలుగేళ్ళుగా ఇదే పని. అక్కడ నన్ను అసలు పేరుతో పిలిచేవాళ్ళు లేరు, 'స్టిక్కరమ్మ' అంటారు. వెనకాల ఇంకేమంటారో కూడా నాకు తెలుసు, అది ఇక్కడ అనవసరం. చెప్పొచ్చేదేమిటంటే, లోపం వెతికే కన్ను సాయంత్రం ఫ్యాక్టరీ గేటు దగ్గర ఆగిపోదు. నాతోపాటే ఇంటికొస్తుంది.

కాబట్టి పదిహేను రోజులు రావాల్సిన పంచదార డబ్బా ఆరో రోజుకే అడుగు కనబడేసరికి నేను ఊరుకోలేదు.

"చీమలు పట్టాయి వదినా, పారబోశాను," అంది మా ఆడపడుచు.

మా ఆయనకి ఒక్కతే చెల్లెలు. మా అమ్మాయి పుట్టినప్పుడు ఓ నెల సాయం ఉండి పోతానని వచ్చింది. అమ్మాయికిప్పుడు పదకొండేళ్ళు. ఆ నెల ఇంకా అయిపోలేదు. వంట, బట్టలు, బడి, జ్వరాలు అన్నీ తనవే. నేను పొద్దున ఏడున్నరకి క్యారేజీ పట్టుకుని వెళ్ళడం, సాయంత్రం వచ్చి కాళ్ళు చాపుకోవడం. నాకిది కావాలని తను నోరు తెరిచి అడగ్గా నేనెప్పుడూ వినలేదు. నోట్లో నాలుక లేని మనిషి అని అందరికీ చెప్పేదాన్ని. అది మెచ్చుకోవడమే అనుకునేదాన్ని కూడా.

పంచదార డబ్బాకి పట్టిన చీమలు ఒకటో రెండో గోడ మీదైనా కనబడాలి కదా. కనబడలేదు. అప్పటికేమీ అనకుండా, మనసులో ఒక స్టిక్కర్ అంటించుకున్నాను.

రెండోది వాసన. ఆ వారంలోనే ఒకరోజు మెట్లెక్కుతుంటే తియ్యగా, కొంచెం మాడిన వాసన మూడో అంతస్తు దాకా దిగివచ్చింది. మాది నాలుగో అంతస్తు. లోపలికి వెళ్తే కిటికీలన్నీ బార్లా తెరిచి ఉన్నాయి, ఫ్యాను గిరగిరా తిరుగుతోంది. పాలు పొంగాయంది. పాలు పొంగిన వాసన ఎలా ఉంటుందో నాకు తెలీదా?

మూడోది గిన్నెలు. మంచుముక్కల కోసం ఫ్రీజరు తెరిస్తే నాలుగు గాజుగిన్నెలు వరసగా కూర్చుని ఉన్నాయి. ఖాళీవి. ఒకదాన్ని తిప్పి చూశాను, వాసన చూశాను. ఏమీ లేదు. ఏమీ లేని గిన్నెల్ని పనిగట్టుకుని చల్లబెట్టేవాళ్ళని నేను అదే చూడటం.

మా ఆయన ఫ్రిజ్ మెకానిక్. ఆయన్నే అడిగాను.

"ఏమండీ, ఫ్రీజర్లో ఖాళీ గిన్నెలెందుకున్నాయి?"

"అవా... అంటే... చల్లదనం సరిగ్గా వస్తోందో లేదో చూడ్డానికి," అని నీళ్ళు నమిలాడు.

"ఊరందరి ఫ్రిజ్‌లూ అలాగే చూస్తారా?"

"కొన్నిటికి చూస్తాం," అని ఎడమ చెవి గోక్కున్నాడు. మా ఆయనకి అబద్ధం చెప్పడం రాదు. చెప్పినప్పుడల్లా ఆ చెవి దురద పెడుతుంది. అన్నాచెల్లెళ్ళిద్దరూ కలిసే నా చెవిలో పువ్వు పెడుతున్నారని అప్పుడు తేలిపోయింది.

ఆ తర్వాత ఒక్కొక్కటే బయటపడ్డాయి. నీళ్ళ డ్రమ్ము వెనకాల అడుగు నల్లబడిన మందపాటి మూకుడు. చెత్తబుట్టలో పాత పేపర్లో చుట్టి, అడుగున దాచిన అనాసపండు తొక్కలు. మా ఇంట్లో నాకు తెలిసి అనాసపండు తిని రెండేళ్ళయింది. ఆడపడుచు మణికట్టు మీద కందిన మచ్చ. అడిగితే ఇస్త్రీపెట్టె తగిలిందంది. ఇస్త్రీపెట్టె మచ్చ నిలువుగా పడుతుంది. ఇది చినుకు పడినట్టు గుండ్రంగా ఉంది.

ఒక శనివారం ఫ్యాక్టరీలో కరెంటు పోయి మధ్యాహ్నమే పంపేశారు. చెప్పుల చప్పుడు కాకుండా మెట్లెక్కాను. అలా ఎక్కడానికి సిగ్గుపడాలి, పడలేదు. మా వంటింటి కిటికీ వరండాలోకి ఉంటుంది. లోపల తను ఫోన్లో మాట్లాడుతోంది.

"ఇవాళ్టికి పాకాన పడిందండీ. అవునండీ, నిన్నటిదాకా నాకూ నమ్మకం లేదు... లేదు లేదు, వదినకి తెలీదు. అన్నయ్య చెప్పడు. ఇంకో రెండు వారాలు టైమివ్వండి చాలు."

పాకాన పడిందంటే అర్థం ఏమిటి? సంబంధం ఖాయం కాబోతున్నా ఆ మాటే అంటాం, బేరం తెగబోతున్నా ఆ మాటే. వ్యవహారం నా కళ్ళుగప్పి నడిచి నడిచి చివరికొచ్చేసిందన్నమాట. తను బట్టలు తియ్యడానికి డాబా మీదికి వెళ్ళగానే ఫోను తీసి చూశాను. చివర మాట్లాడిన నంబరు 'టోపీ' అని ఉంది.

సోమవారం ఇస్త్రీ ఆవిడతో చెప్పాను. నా టేబుల్ పక్కనే ఆవిడ టేబుల్. ఆవిరి వెనకాల నుంచి అందరి సంసారాలూ చక్కబెడుతూ ఉంటుంది.

"టోపీ అంటే ఇంకేముంది, మీకు పెట్టేదే!" అని పకపకా నవ్వింది.

"నవ్వకు. నాకు అరికాలి మంట నెత్తికెక్కుతోంది."

"ఎందుకట? ముప్పై ఆరేళ్ళ మనిషి. తనకంటూ ఒక మనిషిని చూసుకుంటే తప్పేముంది?"

"తప్పని ఎవరన్నారు? నాకు చెప్పలేదేమని అంటున్నా."

"చెప్తే ఏం చేసేవారు?"

నేను ఒక కాలరు అటూ ఇటూ లాగి చూశాను. నిజం చెప్పాలంటే నా దిగులు తన గురించి కాదు. రేపు పొద్దున ఏడున్నరకి నా చేతికి క్యారేజీ ఎవరిస్తారన్నది నా దిగులు.

బుధవారం ఫ్యాక్టరీకని బయల్దేరి, సందు చివర మందుల షాపు దాకా వెళ్ళి, పావుగంట ఆగి వెనక్కొచ్చాను. తాళంచెవి నా దగ్గరుంది. తలుపు తీసి నేరుగా వంటింట్లోకి నడిచాను. లోపల ఎవరో మగమనిషి ఉంటాడనే నా గట్టి నమ్మకం.

ఉన్నాడు. మా ఆయన. వర్క్‌షాపులో ఉండాల్సిన మనిషి వంటింటి స్టూలు మీద కూర్చుని, ఒక చేతిలో స్పూనూ, ఇంకో చేతిలో ఫ్రిజ్‌లకి పెట్టే థర్మామీటరూ పట్టుకుని ఉన్నాడు. మూతికి ఐస్‌క్రీం. తను స్టవ్ దగ్గర మూకుడు పట్టుకుని కొయ్యబారిపోయింది.

"ఏమిటిది?" అన్నాను.

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"అనాసపండు వదినా," అంది తను. "పంచదార పాకంలో మగ్గబెట్టి, వెచ్చగా ఐస్‌క్రీం మీద వెయ్యాలి."

"ఎవరికి వెయ్యాలి?"

అప్పుడు చెప్పింది. స్టేషను దగ్గర కొత్తగా తెరుస్తున్న హోటల్లో తీపి వంటలకి మనిషి కావాలట. అక్కడి పెద్ద వంటావిడ ఇంట్లో ఫ్రిజ్ బాగుచెయ్యడానికి వెళ్ళి మా ఆయన తన చెల్లెలి చేతివంట గురించి డప్పు కొట్టుకొచ్చాడు. ఆవిడ సరే రమ్మంది, కానీ పరీక్ష పెడతానంది. ఒక్కటే వంటకం. ఇదే. ఆవిడ నెత్తిన మూరెడు తెల్లటోపీ ఉంటుందట, అందుకని ఫోన్లో అలా రాసుకుంది.

"మరి పాకాన పడిందన్నావు?"

"ఎప్పుడన్నాను? ఓ, అదా... పాకమే వదినా. మూడు వారాలుగా ముదిరిపోవడమో, గడ్డకట్టడమో. ఆ రోజే మొదటిసారి కుదిరింది." ఇంతలో తనకి వెలిగింది. "నువ్వెక్కడ విన్నావ్?"

ఈసారి నీళ్ళు నమలడం నా వంతయింది.

అనుమానం తీరితే మనిషి తేలికపడాలి. నేనూ పడ్డాను, ఓ అరగంట. తర్వాత మా ఆయన చల్లగా మిగతాది చెప్పాడు. పని పొద్దున తొమ్మిదినుంచి రాత్రి పది దాకా, ఉండటానికి అక్కడే గది, వారానికో సెలవు.

"అంటే ఇంట్లో ఉండదా?"

"వారానికోసారి వస్తుందిగా."

"ఇక్కడ మీకేం తక్కువైందని ఇదంతా తెచ్చిపెట్టారు?"

"నాకు కాదే," అన్నాడు ఆయన. "దానికి." ఈసారి చెవి గోక్కోలేదు.

అక్కడినుంచి నా అనుమానం ఇంటిని వదిలి హోటల్ మీద పడింది. ఎక్కడా పని చెయ్యని మనిషిని, ఏ సర్టిఫికెట్టూ లేని మనిషిని పిలిచి ఉద్యోగమిస్తారా? ఎక్కడో మెలిక ఉంటుంది. బస్సు దిగి రెండుసార్లు ఆ వీధిలోంచి నడిచి వెళ్ళాను. అద్దాలకి ఇంకా కాగితాలు అంటించే ఉన్నాయి. పక్కసందులోంచి చూస్తే వెనక గుమ్మం, కడిగి బోర్లించిన పెద్దపెద్ద గిన్నెలు, పచ్చగడ్డి రంగు వేసిన తలుపు. ఒక్క లోపమైనా దొరక్కపోతుందా అని వెతికాను. తలుపు రంగు ఒక మూల పొక్కింది. దానికి మించి ఏమీ దొరకలేదు. అదే నా ఒళ్ళు మరీ మండించింది.

ఇక దాచడం లేదు కాబట్టి తను నా ముందే చెయ్యడం మొదలుపెట్టింది. పరీక్ష మంగళవారం. ముందు ఆదివారం మధ్యాహ్నం నన్ను వంటింట్లో కూర్చోబెట్టింది. మా ఆయన అమ్మాయిని తీసుకుని ఎక్కడికో వెళ్ళాడు.

"తిని తిని నా నాలుక చచ్చిపోయింది వదినా. అన్నయ్యకి గడ్డిపెట్టినా బ్రహ్మాండం అంటాడు. నువ్వు చూసి చెప్పు. నువ్వైతే దాచవు."

మందపాటి మూకుడులో పంచదార పల్చగా చల్లింది. నీళ్ళు పొయ్యలేదు, గరిటె పెట్టలేదు. సన్నటి మంట మీద అంచులు ముందు కరిగాయి. మూకుడు రెండు చేతులా పట్టుకుని ఇటు వంచి అటు వంచి, కరిగినదాన్ని కరగనిదాని మీదికి నడిపించింది. తేనె రంగు వచ్చింది. నేనైతే అక్కడే దించేసేదాన్ని. తను దించలేదు. రాగి రంగు తిరిగింది, ఒక్క పొగ పాయ లేచింది. అప్పుడు వెన్నముక్క వేసింది. బుస్సుమని పొంగి అణిగింది. అనాస చక్రాలు పరిచింది, రెండు వైపులా తిప్పింది, నిమ్మకాయ పిండి దించేసింది.

"ఇప్పుడు అరవై లెక్కపెట్టాలి. పొగలు కక్కుతూ వేస్తే ఐస్‌క్రీం నీళ్ళైపోతుంది. మరీ ఆగితే పాకం బిగుసుకుంటుంది."

పెదవులు కదుపుతూ లెక్కపెట్టింది. పదకొండేళ్ళలో తన మొహం అంత దగ్గరగా చూసిన గుర్తులేదు నాకు. మొదటిసారి బడికి వెళ్తున్న పిల్ల మొహంలా ఉంది. ఫ్రీజర్లోంచి చల్లటి గాజుగిన్నె తీసింది. ఖాళీ గిన్నెల సంగతి అప్పటికి అర్థమైంది. ఇంట్లోనే మీగడా డబ్బాపాలూ గిలకొట్టి చేసిన ఐస్‌క్రీం ఒక ముద్ద, దాని మీద వెచ్చటి చక్రం, రెండు స్పూన్ల పాకం.

"పాకం చివర చేదు తగలాలంట వదినా, కానీ చేదుగా ఉందనిపించకూడదంట. ఆ గీత మీద ఆగాలంట. అదొక్కటే నాకు అర్థం కావడం లేదు." నా చేతికి స్పూనిచ్చి కిటికీ వైపు తిరిగి నిలబడింది. "నువ్వు తింటుంటే చూడలేను."

తిన్నాను. ముందు చల్లగా, తర్వాత వెచ్చగా, రెండూ కలిసి నోట్లో ఏది ఏదో తెలియకుండా. తీపి తర్వాత పులుపు, అన్నిటి వెనకాల ఆ చేదు, ఉందా లేదా అన్నంతే. సరిగ్గా ఆ గీత మీదే. ఎక్కడా వంకర లేదు, ఒక్క దారప్పోగు వేలాడటం లేదు. ఎప్పుడు అయిపోయిందో కూడా తెలీలేదు.

"ఎలా ఉంది?" అంది, అటే తిరిగి.

పధ్నాలుగేళ్ళలో మంచి చొక్కా వెనక్కి తోసింది లేదు నేను. నేనంటే పడనివాళ్ళు కూడా ఆ ఒక్క మాట ఒప్పుకుంటారు.

"చేదుగా ఉంది," అన్నాను.

"బాగానా?"

"బాగానే. చాలా ముందు దించాలి. ఆ రంగు దాకా పోనివ్వకూడదు."

తను ఇటు తిరిగింది. నా చేతిలోంచి ఖాళీ గిన్నె తీసుకుని సింకు దగ్గరికి వెళ్ళింది. కుళాయి చప్పుడు వింటూ నేను అక్కడే కూర్చున్నాను.

మంగళవారం సాయంత్రం నేనొచ్చేసరికి తను అప్పటికే ఇంట్లో ఉంది. పొద్దున కట్టుకున్న మంచిచీర మార్చుకుని, పాత చీర చెంగు బొడ్లో దోపుకుని కూరగాయలు తరుగుతోంది.

"ఏమన్నారు?"

"చూద్దామన్నారు వదినా."

చూద్దామంటే కాదనే కదా. మా ఆయన వైపు చూశాను. ఆయన నేల వైపు చూస్తున్నాడు.

తర్వాత రెండు వారాలూ మా ఇల్లు ఎప్పటిలాగే నడిచింది. ఏడున్నరకి క్యారేజీ చేతికొచ్చింది. మెట్ల మీద ఏ వాసనా లేదు. పంచదార డబ్బా నిండుగా ఉంది. తీసి చూసిన ప్రతిసారీ నిండుగానే ఉంది. నేను కోరుకున్నది అదే, కానీ ఆ డబ్బా వైపు చూడబుద్ధయ్యేది కాదు. తను నన్ను ఒక్క మాట అనలేదు. అనకపోవడం నాకు అనుమానంగా ఉండేది. తెలుసా? తెలియదా? తెలిసి ఊరుకుందా? మజ్జిగ గ్లాసు ముందు పెడితే ఆ పెట్టిన తీరులో ఏమైనా ఉందా అని వెతికేదాన్ని. ఎదుటివాళ్ళని అనుమానించడం నాకు అలవాటే. ఎదుటివాళ్ళు నన్ను అనుమానిస్తున్నారేమో అని అనుమానించడం ఎంత నరకమో అప్పుడే తెలిసింది.

ఒక గురువారం సూపర్‌వైజరు ఒక చొక్కా పట్టుకుని నా టేబుల్ దగ్గరికొచ్చాడు. ఎర్ర స్టిక్కర్ జేబు మీద ఉంది.

"అమ్మా, దీంట్లో లోపమేంటో చూపిస్తారా? నాకు కనబడ్డంలేదు."

వెలుతురుకి పట్టి చూశాను. జేబు తిన్నగా ఉంది. కుట్టు సన్నగా, సమంగా ఉంది. లోపలికి తిప్పి చూశాను. అంత మంచి కుట్టు ఈమధ్య చూడలేదు.

"ఇది కుట్టిన అమ్మాయి పొద్దుట్నుంచి ఏడుస్తోంది," అన్నాడు.

స్టిక్కర్ పీకేశాను. అది వేలికి అంటుకుని ఎంతకీ రాలేదు. ఇస్త్రీ ఆవిడ ఆవిరి ఆపి నా వైపే చూస్తోంది. తలనొప్పని చెప్పి పర్మిషన్ తీసుకుని బయటపడ్డాను.

నేరుగా ఆ పచ్చతలుపు దగ్గరికి వెళ్ళాను. తలుపు తీసినావిడ నా భుజం దాకా కూడా లేదు, టోపీతో కలిపితే నాకంటే పొడుగు. ఫలానా అమ్మాయికి వదినని అనగానే లోపలికి రమ్మంది. నేను వెళ్ళలేదు. గుమ్మంలోనే గబగబా అప్పజెప్పేశాను.

"అమ్మా, ఆ రోజు మా ఆడపడుచు చేసింది మీకు నచ్చి ఉండదు. తప్పు తనది కాదు. నేనే చేదుగా ఉందని చెప్పాను. ముందే దించమన్నాను. లేనిది చెప్పాను. తనకి ఇంకొక్కసారి అవకాశమివ్వండి, మీకు దణ్ణం పెడతాను."

ఆవిడ నన్ను ఎగాదిగా చూసింది.

"ముందే దించడమేమిటి? నేను చెప్పినదానికంటే ఇంకో రవ్వ ఎర్రబడేదాకా ఉంచి దించింది. గుండె ఉన్న చెయ్యి. తిన్న నిమిషమే వచ్చెయ్యమన్నాను."

"మరి చూద్దామన్నారటగా?"

"చూద్దామంది తనే. ఒకటో తారీకు దాకా గడువడిగింది. ఇంట్లో ఒకటి ఇంకా పాకాన పడలేదు, పడగానే వచ్చేస్తానంది." ఆవిడ టోపీ సర్దుకుంది. "ఇన్ని రోజులు ఏం వండుతోందమ్మా అంతగా?"

తలుపు మూల పొక్కిన రంగు గోటితో గీకాను.

"ఏదో మొండి సరుకులెండి," అన్నాను.

ఇంటికొచ్చేసరికి నాలుగైంది. తను వంటింట్లో బియ్యం కడుగుతోంది. వేళకాని వేళ నన్ను చూసి ఉలిక్కిపడలేదు, ఏమిటని అడగలేదు. చెప్పులు విడిచి, చేతులు కడుక్కుని వెళ్ళి పక్కన నిలబడ్డాను. ఆ స్టవ్ ముందు నిలబడి నాకు పదకొండేళ్ళయింది. ఏ డబ్బాలో ఏముందో కూడా తెలీదు.

"ఈ గ్లాసుకి నీళ్ళెన్ని పోస్తావు?" అన్నాను.

తను చేతిలో పని ఆపింది. తర్వాత ఒక్క అడుగు పక్కకి జరిగి నాకు చోటిచ్చింది.

"రెండున్నర. కొత్త బియ్యమైతే రెండు చాలు."

"ఇవి కొత్తవా పాతవా?"

"పాతవి."

పోశాను. సగం గ్లాసు కొలుస్తుంటే స్టవ్ మీద ఒలికింది. తను గుడ్డ తీసి తుడవబోతే నేనే లాక్కుని తుడిచాను. మొహం ఎత్తకుండా, తుడిచిన చోటే మళ్ళీ మళ్ళీ తుడుస్తూ చెప్పాను.

"ఆ రోజు చేదుగా లేదు."

"తెలుసు."

"తెలుసా? ఎలా తెలుసు? అటు తిరిగి ఉన్నావుగా, నా మొహం కూడా చూడలేదు."

తను మంట కాస్త తగ్గించింది.

"గిన్నె కడిగింది నేనే కదా వదినా."